పింఛను ఆలస్యానికి వడ్డీ ఏది?

హైదరాబాద్‌లోని తార్నాక చుట్టుపక్కల మూడు రకాల విశ్రాంత ఉద్యోగులు కనిపిస్తారు. ఆర్టీసీ ఆసుపత్రికి మందుల కోసం వచ్చే పాత డ్రైవర్లు, కండక్టర్లు. ఐఐసీటీ, ఎన్‌జీఆర్‌ఐ వంటి కేంద్ర ప్రయోగశాలల్లో పనిచేసి దిగిపోయినవారు. ఉస్మానియా క్యాంపస్‌లో పాఠాలు చెప్పి, ఆఫీసుల్లో ఫైళ్లు నడిపి రిటైరైనవారు. రావలసిన డబ్బు ఆలస్యమైతే ఈ ముగ్గురికీ ఒకే న్యాయం దొరకదు.

ప్రయోగశాలల వారికి కేంద్ర పింఛను నియమాలున్నాయి. పింఛనుగానీ గ్రాట్యుటీగానీ అధికారుల తప్పువల్ల ఆలస్యమైందని తేలితే జీపీఎఫ్ రేటున వడ్డీ ఇవ్వాలని 2021 నియమాల్లోనే రాసి ఉంది. ఆర్టీసీ వారి నెల పింఛను ఈపీఎఫ్ఓ పింఛను పథకం నుంచి వచ్చేది, చాలామందికి అది మందులకే చాలదు. గ్రాట్యుటీకి మాత్రం 1972 చట్టం 30 రోజుల గడువు పెట్టింది. అది దాటితే సంస్థ వడ్డీతో కలిపి చెల్లించాలి.

విశ్వవిద్యాలయం వారి సంగతి వేరు. వారి పింఛనుకు ప్రధాన ఆధారం ప్రభుత్వమిచ్చే బ్లాక్ గ్రాంటు. జీతాలూ అందులోంచే, పింఛన్లూ అందులోంచే. గ్రాంటు తగ్గినా, విడుదల ఆలస్యమైనా ఆ దెబ్బ ఒకటో తారీఖు మీద పడుతుంది. రిజిస్ట్రారు కార్యాలయాన్ని అడిగితే గ్రాంటు రాలేదంటారు. ఉన్నత విద్యాశాఖ ఆర్థికశాఖ వైపు చూపిస్తుంది. ఈ మూడు కార్యాలయాల మధ్య తిరగవలసింది డెబ్బై దాటిన మనిషి.

హక్కు విషయంలో మాత్రం సందేహం లేదు. పింఛను ప్రభుత్వం దయతో ఇచ్చేది కాదని, అది ఉద్యోగి ఆస్తి అని సుప్రీంకోర్టు 1971లోనే దేవకీనందన్ ప్రసాద్ కేసులో చెప్పింది. 1982 డిసెంబరు 17న నకారా కేసులో రాజ్యాంగ ధర్మాసనం దాన్ని మరింత బలపరిచింది. పెన్షనర్ల దినం జరుపుకునేది ఆ తేదీనే. ఆస్తి హక్కు ప్రాథమిక హక్కుల జాబితాలోంచి తొలగిపోయాక కూడా, 300ఏ అధికరణం కింద పింఛనుకు రక్షణ ఉందని 2013లో జార్ఖండ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. చట్టం అధికారం లేకుండా, ఉత్త కార్యనిర్వాహక ఉత్తర్వుతో దాన్ని ఆపడం కుదరదు.

ఈ మాట బరువెంతో 2020లో తెలుగువాళ్లందరికీ తెలిసొచ్చింది. కరోనా లాక్‌డౌన్ మొదలైన వారం లోపే, మార్చి 30న తెలంగాణ ప్రభుత్వం ఒక జీవోతో పింఛన్లలో సగం వాయిదా వేసింది. నాలుగో తరగతి విశ్రాంత ఉద్యోగులకు పది శాతం. ఏ చట్టం కింద అని హైకోర్టులో ప్రశ్న ఎదురైంది. జూన్‌లో ఆర్డినెన్స్ వచ్చింది. ముందు కోత, తర్వాత చట్టం! ఆంధ్రప్రదేశ్‌లో అలాంటి వాయిదా మీదే ఒక విశ్రాంత జిల్లా జడ్జి ప్రజాప్రయోజన వ్యాజ్యం వేశారు. వాయిదా వేసిన జీతాలు, పింఛన్లు 12 శాతం వడ్డీతో ఇవ్వాలని అక్కడి హైకోర్టు ఆదేశించింది. ప్రభుత్వం వడ్డీ మీదే సుప్రీంకోర్టుకు వెళ్లింది. 2021 ఫిబ్రవరి 8న కోర్టు రేటును ఆరు శాతానికి తగ్గించింది కానీ వడ్డీని రద్దు చేయలేదు. ఖజానా ఇబ్బంది నిజమే అయినా ఆలస్యం చేసిన ప్రభుత్వం వడ్డీ ఇవ్వాల్సిందేనంది. నా దృష్టిలో పింఛనుదారులకు ఈ తీర్పే అన్నిటికన్నా పదునైన ఆయుధం, ఎందుకంటే 'డబ్బుల్లేవు' అనే సమాధానాన్ని అది చెల్లనీయలేదు.

అయినా ఆ ఆయుధం చేతికి రావాలంటే రిట్ వేయాలి. వేసేవారు విశ్వవిద్యాలయాన్ని ఒక్కదాన్నే ప్రతివాదిని చేస్తే చాలదు, గ్రాంటు విడుదల చేసే ఆర్థికశాఖనూ చేర్చాలి. ఏళ్ల తరబడి ఆగితే నష్టం కూడా ఉంది. ఆలస్యంగా కోర్టుకొచ్చిన వారికి బకాయిలను సాధారణంగా మూడేళ్లకే పరిమితం చేయాలని 2008లో తర్సేమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కోర్టు ఆదేశించాకా డబ్బు రాకపోతే ధిక్కరణ పిటిషన్‌కు గడువు ఏడాదే.

ఈ భారమంతా వృద్ధుల మీద పెట్టనక్కర్లేదు. ప్రభుత్వ పింఛను జమచేయడంలో బ్యాంకు ఆలస్యం చేస్తే, పింఛనుదారు అడగకపోయినా 8 శాతం చొప్పున పరిహారం ఖాతాలో వేయాలని రిజర్వు బ్యాంకు నియమం పెట్టింది. బ్యాంకుకు వర్తించే ఆ నియమం గ్రాంటు ఆపిన ప్రభుత్వానికి ఎందుకు వర్తించకూడదు? ఏ నెల పింఛను ఒకటో తారీఖు దాటితే ఆ నెల వడ్డీ దానంతటదే జమకావాలని, ఆ వడ్డీ ఆర్థికశాఖ పద్దు కిందే రాయాలని ఒక జీవో చాలు. కోత కోసం రాత్రికి రాత్రి జీవో ఇవ్వగలిగిన ఆఫీసుకు ఇది పెద్ద పని కాదు.