పదునాలుగో మాత్ర

రాజధానికి నైరుతి దిశన ఉన్న ద్వారకలో జాతీయ మలేరియా పరిశోధన సంస్థ ఉన్నది. ఆ దారిన పోయినప్పుడల్లా నాకు సికిందరాబాదు గుర్తుకు వస్తుంది. 1897 ఆగస్టు 20న రొనాల్డ్ రాస్ దోమ కడుపులో మలేరియా క్రిమిని కనుగొన్నది అక్కడనే.

ఆ క్రిమి మనిషి కాలేయంలోనూ పెరుగుతుందని 1948లో గాని తేలలేదు. వైవాక్స్ రకం మరీ జిత్తులమారిది. రక్తంలో నశించినా కాలేయంలో నెలల తరబడి నిద్రించి, తిరిగి జ్వరమై లేస్తుంది. క్లోరోక్విన్ మూడు రోజులలో జ్వరాన్ని దించుతుంది. నిద్రించే క్రిమిని చంపవలసినది ప్రైమాక్విన్. దానిని 14 రోజులు వాడాలి.

జ్వరం దిగి పనిలోకి పోయిన కూలీ మిగిలిన మాత్రలు మరచిపోవడంలో వింత లేదు. పైగా జి6పిడి అనే ఎంజైము లోపించినవారికి ఈ మందు ఎర్ర రక్తకణాలను చిట్లజేస్తుంది. గర్భిణులకు ఇవ్వనే రాదు. అందువల్ల మాత్రలు పంచి చేతులు దులుపుకొనుట చికిత్స అనిపించుకోదు.

శ్రీలంక 2016లో, చైనా 2021లో మలేరియారహిత దేశాలుగా గుర్తింపు పొందాయి. మన ప్రభుత్వం 2030ని గడువుగా పెట్టుకున్నది. లక్ష్యం శ్లాఘనీయమే. అయితే మన్యంలోని ప్రతి ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలోనూ ఎంజైము పరీక్ష జరగాలి. పదునాలుగో మాత్ర వరకు రోగిని కనిపెట్టుకొని ఉండే ఆశా కార్యకర్తకు తగిన ప్రతిఫలం ముట్టాలి. ఈ రెండింటికీ నిధులు కేటాయించని గడువు ఢిల్లీ దస్త్రాలలోనే నిద్రిస్తుంది, కాలేయంలోని క్రిమివలె.