మన కుంటలో మైకొనొస్ ఎందుకండీ?

పోస్టు కాస్త పెద్దదే. ఆదివారం జనరల్ బాడీకి వచ్చేలోపు తీరిక చేసుకుని చదవండి.

ఎజెండాలో నాలుగో అంశం చూసే ఉంటారు. పార్కు కుంట మధ్యలో సిమెంటుతో చిన్న దీవి కట్టి, దాని మీద గ్రీసు దేశంలోని మైకొనొస్ దీవిలో ఉన్నలాంటి తెల్ల గాలిమరలు మూడు నిలబెడతారట. రాత్రిపూట రంగు లైట్లు. రెక్కలు తిరగడానికి లోపల కరెంటు మోటారు. కొటేషన్ గ్రూపులో పెట్టారు కాబట్టి ఆ అంకె మళ్లీ ఇక్కడ రాసి మీ కాఫీ చేదు చేయం.

మోటారు పెట్టి తిప్పే గాలిమర! అంటే అది ఫ్యానే కదండీ. ఫ్యాన్ అయితే కనీసం గాలన్నా వస్తుంది.

మేము కొందరం దీన్ని గట్టిగా వ్యతిరేకిస్తున్నాం. అందమంటే పడక కాదు. ఆ అసలు మరలంటే గౌరవం ఉండబట్టే. మైకొనొస్ చిన్న దీవి, రాతి నేల, చెట్లు తక్కువ. అక్కడ దొరికే ఆస్తి గాలి ఒక్కటే. వేసవిలో ఉత్తరం నుంచి వచ్చే ఆ గాలిని మెల్టెమి అంటారు. వెనిస్ వాళ్ల ఏలుబడిలో, 16వ శతాబ్దం నుంచి, ఊరి అంచున సముద్రం గాలి సూటిగా తగిలే మెట్ట మీద మరలు కట్టుకుంటూ వచ్చారు. గోధుమలు, బార్లీ విసిరేవారు. ఆ దారిన పోయే ఓడలకు నిల్వ ఉండే ఎండు రొట్టెలు ఆ పిండితోనే. రెక్కలంటే చెక్క పలకలు కాదు, గుడ్డ తెరచాపలు. గాలి ఉధృతమైతే మర మనిషి గుడ్డ చుట్టేస్తాడు, తగ్గితే విప్పుతాడు. మన ఊళ్లలో కళ్లంలో చేట పట్టుకుని గాలి కోసం ఎదురుచూసి, రాగానే తూర్పారబట్టిన పెద్దలకు ఈ సంగతి ఎవరూ విడమరచి చెప్పక్కర్లేదు. 20వ శతాబ్దంలో యంత్రాలొచ్చాక ఆ మరలు ఆగిపోయాయి. ఒకదాన్ని మ్యూజియంగా ఉంచారు. చాలావాటి పని ఇప్పుడు ఫొటోల్లో పడటమే. మనం ఆ ఫొటోకి నకలు తెచ్చుకుంటామంటున్నాం.

హాలండ్‌లో కిండర్‌డైక్ ఉంది చూడండి. 1740 ప్రాంతపు మరలు, మొత్తం 19. సముద్రమట్టం కన్నా లోతున ఉన్న పొలాల నుంచి నీళ్లు ఎత్తిపోయడానికి కట్టినవి. యునెస్కో 1997లో వాటిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. చాలా మరల్లో ఇప్పటికీ మర నడిపే కుటుంబాలు కాపురముంటున్నాయి. 2017లో యునెస్కో గుర్తించింది మరను కూడా కాదు, దాన్ని నడిపే విద్యను. వాళ్లు కాపాడుకున్నది ఆ పని. మన కమిటీ కొనబోయేది బొమ్మ.

గాలిమరే కావాలంటే గ్రీసు దాకా పోనక్కర్లేదు. ఇదే బెంగళూరులో నేషనల్ ఏరోనాటికల్ లేబొరేటరీ వాళ్లు 1960లలో రైతుల కోసం డబ్ల్యూపీ-2 అని నీళ్లు తోడే గాలిమర తయారు చేశారు. విమానాల లెక్కలు వేసేవాళ్లు బావి గట్టున కూర్చుని ఆలోచించిన రోజులవి. అనంతపురం సభ్యులకైతే 1990లలో రామగిరి గుట్టల మీద లేచిన మరలు తెలిసే ఉంటాయి. మన పిల్లల్లో ఎంతమందికి వీటి పేరు తెలుసు? మైకొనొస్ మాత్రం ఇన్‌స్టాగ్రామ్‌లో అందరికీ తెలుసు.

ఇక అసలు బాధ. మన లేఅవుట్ పక్కనే అగర చెరువు. అగరలో 9వ శతాబ్దం, గంగుల కాలం నాటి శాసనం దొరికింది. ఒకాయన రెండు చెరువులకు తూములు పెట్టించి, మూడో చెరువు కట్టించిన సంగతి అందులో ఉంది. వెయ్యేళ్లు దాటిన నీటి లెక్క! మడివాళ చెరువు నిండితే అగరకు, అగర నిండితే బెళ్లందూరుకు. ఈ వరసలోనే మనం ఇళ్లు కట్టుకున్నాం. 2017 ఆగస్టులో రోడ్ల మీద పడవలు తిరిగినప్పుడు నీళ్లు తప్పుదారి పట్టి రాలేదు, పాత దారి వెతుక్కుంటూ వచ్చాయి. బెళ్లందూరులో నురగ, మంటలు ఈ కొసనే చూశాం. ఇంత చూసినవాళ్లం, వాన నీరు ఇంకాల్సిన కుంటలో సిమెంటు దీవి పోస్తామా?

"రాజకాలువలు కార్పొరేషన్ పని, మనకేం సంబంధం" అని కమిటీ పెద్దలు అంటారు. ఒప్పుకుంటాం. కానీ పార్కులో వాన నీటిని భూమిలోకి దింపడం అనుమతి తీసుకుని మనం చేయగలిగిన పనే. సర్జాపూర్ రోడ్డు వైపు మన్ను వడ్డర్లు ఉన్నారు. తరతరాలుగా బావులు తవ్వే కులం, ఇంట్లో మాట తెలుగు యాసే. కబ్బన్ పార్కులో పాత బావుల పూడిక తీసింది, ఇంకుడు బావులు తవ్వింది వాళ్లే. నేలను చూసి ఎక్కడ ఇసుక పొర, ఎక్కడ రాయి అని చెప్పగల మనుషులు. ఉగాదికి స్టేజీ కట్టి తెలుగు సంస్కృతి అని మైకులో అరుస్తాం, ఆ తెలుగు వాళ్లను ఒక్కసారైనా పిలిచామా?

"పిల్లలకు సరదాగా ఉంటుంది" అనే వాదన కూడా వచ్చింది. మూడు నెలలు ఉంటుంది. తర్వాత మోటారు కాలిపోతుంది, రెక్కకు పావురాలు గూడు కడతాయి, దీవి చుట్టూ చిప్స్ కవర్లు తేలతాయి. పార్కు గేటు దగ్గరి ఫౌంటెన్ ఆగి ఎన్నాళ్లయిందో మీరే చెప్పండి. పిల్లలకు చూపించాలంటే బావి తవ్వుతున్న నాలుగు రోజులు తీసుకురండి. మోకు మీద మనిషి లోపలికి దిగడం, తడి మన్ను పైకి రావడం చూస్తే ఏ లైట్లూ అక్కర్లేదు.

ఆదివారం మేము పెట్టబోయే తీర్మానం ఇది. నాలుగో అంశం రద్దు చేయాలి. ఆ డబ్బులో కొంతతో, అనుమతులు తెచ్చుకుని, వచ్చే వానల లోపు పార్కు పల్లంలో మన్ను వడ్డర్లతో ఇంకుడు బావులు తవ్వించాలి. అగర శాసనంలో ఏముందో తెలుగు, కన్నడ, ఇంగ్లీషుల్లో రాయించి పార్కు గేటు దగ్గర పలక పెట్టించాలి. మిగిలింది మెయింటెనెన్స్‌లోనే ఉండాలి. ప్రాక్సీ ఓట్లు చెల్లవు కాబట్టి దయచేసి పదిన్నరకల్లా హాలుకు రండి.