శంకు నత్త విషంలో ఎవరి వాటా ఎంత?

జీవవైవిధ్యం మీద మెయిన్స్ ప్రశ్న కనబడగానే మనలో చాలామంది రాసే వాక్యం ఒకటుంది: "జీవవైవిధ్యం ఔషధాలకు ఆధారం." తప్పేమీ లేదు. కానీ అక్కడే ఆగితే మార్కులూ అక్కడే ఆగిపోతాయి. ఆ ఔషధం మీద వచ్చే లాభం ఎవరికి చేరుతోంది? ఈ ప్రశ్న దాకా వెళ్లడానికి మంచి ఉదాహరణ కోనస్ మేగస్ అనే సముద్రపు నత్త.

శంకు ఆకారపు గుల్ల ఉండే కోన్ స్నెయిల్స్‌లో ఇదొక జాతి. బాణంలాంటి బోలు పంటితో చేపకు విషం ఎక్కించి, కదలకుండా చేసి మింగేస్తుంది. ఇదే ప్రజాతికి చెందిన కోనస్ జియోగ్రాఫస్ కుట్టి మనుషులు చనిపోయిన సందర్భాలూ ఉన్నాయి.

ఫిలిప్పీన్స్ శాస్త్రవేత్త బాల్డొమెరో ఒలివేరా అమెరికాలో చదువు ముగించి మనీలా తిరిగొచ్చేసరికి, తన పరిశోధనకు కావలసిన పరికరాలు అక్కడ లేవు. అందుకే చేతికి అందే ఈ నత్తలను ఎంచుకున్నారు. తర్వాత యూటా విశ్వవిద్యాలయంలోని ఆయన ప్రయోగశాలలో, డిగ్రీ విద్యార్థి మైఖేల్ మెకింటాష్ కోనస్ మేగస్ విషం నుంచి 25 అమైనో ఆమ్లాల పెప్టైడ్‌ను వేరుచేశారు. నొప్పి సంకేతాలను అందించే కాల్షియం మార్గాలను అది అడ్డుకుంటుంది. దాని కృత్రిమ రూపమే జికోనోటైడ్. 2004 డిసెంబరులో అమెరికా ఎఫ్‌డీఏ దీన్ని ఆమోదించింది. ఇది మార్ఫిన్‌లా వ్యసనం కలిగించదు. అలాగని "అద్భుత ఔషధం" అని రాయకండి. వెన్నుపాము చుట్టూ ఉండే ద్రవంలోకి పంపుతో ఎక్కించాలి, దుష్ప్రభావాలూ తీవ్రమే.

ఇప్పుడు అసలు విషయం. మందు కృత్రిమం కాబట్టి, అమైనో ఆమ్లాల వరుస తెలిశాక ఇక నత్తతో పనిలేదు. 2010 నాటి నగోయా ప్రోటోకాల్ ప్రధానంగా సరిహద్దు దాటే జన్యు వనరులను దృష్టిలో పెట్టుకుని రూపొందింది. జన్యు సమాచారం మాత్రం కంప్యూటర్ ఫైలుగా దాటిపోతుంది. మన వన్యప్రాణి సంరక్షణ చట్టం కోనస్ మిల్నెడ్వర్డ్సి అనే నత్తకు రక్షణ ఇస్తోంది. కానీ అది కాపాడేది గుల్లను, జీవిని. వాటిలోని సమాచారాన్ని కాదు.

ఈ లోటు తెలిసే, 2025లో జాతీయ జీవవైవిధ్య ప్రాధికార సంస్థ తన లాభ పంపిణీ నిబంధనల్లోకి డిజిటల్ సీక్వెన్స్ సమాచారాన్ని తెచ్చింది. అదే ఏడాది ఫిబ్రవరిలో అంతర్జాతీయ స్థాయిలో కాలీ ఫండ్ మొదలైంది. అయితే కంపెనీలు అందులో డబ్బు వేయడం స్వచ్ఛందం.

మరి సమాచారానికే తాళం వేద్దామా? వద్దనే నా అభిప్రాయం. తాళం వేస్తే ముందు నష్టపోయేది, ఒకప్పటి ఒలివేరాలా పరికరాలు లేని మన ప్రయోగశాలలే. సమాచారం అందరికీ తెరిచే ఉండాలి. మందు అమ్ముడైనప్పుడు మాత్రం వాటా తప్పనిసరి కావాలి. ఆ డబ్బులో కొంత మన్నార్ సింధుశాఖ, లక్షద్వీప్, అండమాన్ పగడపు దిబ్బల సంరక్షణకు, అక్కడి మత్స్యకారులకు చేరాలి. ఇలాంటి నత్తలు బతికేది ఆ దిబ్బల్లోనే.

మీరు నాతో ఏకీభవించకపోవచ్చు. పరవాలేదు. కానీ ఈసారి సమాధానంలో నత్త పేరు దగ్గర ఆగకండి, వాటా ఎవరిదో కూడా తేల్చండి.