పొలం ధర కాగితం చెబుతుందా?

శాస్త్రంలో రాసి ఉంది కాబట్టి నమ్మమంటే హేతువాదులు నమ్మరు. రాసినవాడు ఎవరు, ఎప్పుడు రాశాడు, సరిచూసింది ఎవరు అని అడుగుతారు. కానీ రెవెన్యూ రికార్డులో రాసి ఉందంటే మనలో చాలామంది అక్కడే ఆగిపోతారు. ప్రభుత్వం పొలం తీసుకుని పరిహారం ఇచ్చేటప్పుడు ఈ కాగితం మీది నమ్మకం వల్ల ఎంత అన్యాయం జరుగుతుందో తెలుసుకోవాలంటే సింగూరును చూడాలి.

సింగూరు కోల్‌కతాకు సుమారు 40 కిలోమీటర్ల దూరంలో, హుగ్లీ జిల్లాలో ఉంది. టాటా నానో కారు ఫ్యాక్టరీ కోసం 2006లో లెఫ్ట్ ఫ్రంట్ ప్రభుత్వం అక్కడ 997 ఎకరాలు సేకరించింది. ఒక పంట పండే "శాలి" భూమికి ఎకరాకు సుమారు 8.4 లక్షల రూపాయలు, ఒకటికి మించి పంటలు పండే "సునా" భూమికి సుమారు 12 లక్షలు ఇస్తామన్నది. చాలామంది చెక్కులు తీసుకున్నారు. గణనీయమైన సంఖ్యలో రైతులు తీసుకోలేదు. మమతా బెనర్జీ కోల్‌కతాలో నిరాహార దీక్ష చేశారు. 2008 అక్టోబర్‌లో టాటాలు ఫ్యాక్టరీని గుజరాత్‌కు తరలించారు.

అప్పట్లో రెండు వాదనలు వినిపించాయి. ప్రభుత్వం మార్కెట్ రేటు ఇస్తోంది, కాదన్నవాళ్ళు రాజకీయ నాయకుల మాటలకు మోసపోయారు అన్నది ఒకటి. భూమి తల్లి, తల్లిని అమ్ముకుంటారా అన్నది రెండోది. రెండోది సెంటిమెంటు. తల్లి అంటూనే అవసరం వస్తే అమ్మే రైతులు మన ఊళ్ళలోనూ ఉన్నారు. కానీ మొదటి వాదన కూడా రుజువు చేయకుండా చెప్పినదే.

దాన్ని పరీక్షించినవాళ్ళు ఉన్నారు. మైత్రీశ్ ఘటక్, సందీప్ మిత్ర, దిలీప్ ముఖర్జీ, అనూష నాథ్ అనే ఆర్థికవేత్తలు సింగూరు గ్రామాల్లో సర్వే చేసి, ఫలితాలను 2013లో ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీలో ప్రచురించారు. సగటున చూస్తే ప్రభుత్వం ఇవ్వజూపిన ధర మార్కెట్ ధరకు దగ్గరగానే ఉందని తేలింది. ఇక్కడితో ఆగితే ప్రభుత్వం గెలిచినట్టే. కానీ పొలాల వారీగా చూస్తే సంగతి వేరు. రెండు మూడు పంటలు పండే పొలాలు కొన్ని రికార్డుల్లో ఒక పంట భూమిగానే ఉన్నాయి. రైతు బోరు వేసుకుని, ఏళ్ళ తరబడి మెరక చదును చేసుకుని బాగుచేసిన పొలం కాగితం మీద పాత పొలంగానే మిగిలింది. ఇలా తక్కువ ధర కట్టినవాళ్ళూ, వ్యవసాయం మీదే ఎక్కువగా బతికేవాళ్ళూ చెక్కు కాదనడం ఎక్కువగా కనిపించింది. అంటే వాళ్ళ తిరస్కారంలో లెక్క ఉంది. సగటు సరిగ్గా ఉంటే చాలు అనడం, ఏటి లోతు సగటున మోకాలి బంటే కదా అని ఈత రానివాణ్ణి దిగమనడం లాంటిది.

ఇక "మార్కెట్ రేటు" అనే మాట చూద్దాం. మార్కెట్ అంటే అమ్మేవాడికి అమ్మనని చెప్పే హక్కు ఉన్న చోటు. ఊళ్ళో నిరుడు పొలం అమ్మినవాడు ఆ ధర చాలనుకున్నాడు కాబట్టి అమ్మాడు. అమ్మనివాడు ఆ ధర చాలదనుకున్నాడు. మొదటివాడి ధరను రెండోవాడి మీద రుద్ది దాన్ని మార్కెట్ అనడం ఏం తర్కం? 1894 నాటి బ్రిటిష్ భూసేకరణ చట్టం 24వ సెక్షన్ ఇంకా ముందుకు వెళ్ళింది. యజమానికి పొలం వదులుకోవడం ఇష్టం లేకపోవడాన్ని ధర కట్టేటప్పుడు లెక్కలోకి తీసుకోకూడదని రాసింది. ప్రాజెక్టు వల్ల ఆ భూమికి పెరగబోయే విలువనూ చూడకూడదన్నది. స్వాతంత్ర్యం వచ్చిన తర్వాత కూడా మనం ఆరు దశాబ్దాలకు పైగా ఆ చట్టంతోనే బతికాం.

2014 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన 2013 చట్టం చాలా మెరుగు. పల్లెల్లో మార్కెట్ విలువను రెండు రెట్ల వరకు పెంచవచ్చు. దానికి నూరు శాతం సొలేషియం కలుస్తుంది. అయితే మొదటి అంకె ఎక్కడిది? రిజిస్ట్రేషన్ విలువ, లేదా చుట్టుపక్కల అమ్మకం దస్తావేజులు. స్టాంపు డ్యూటీ తగ్గించుకోవడానికి దస్తావేజులో తక్కువ రాసి మిగతాది చేతికి ఇచ్చుకోవడం మనకు తెలియనిదా? తప్పు అంకెను నాలుగుతో గుణిస్తే ఒప్పు అయిపోదు.

సొంతదారు కానివాడి సంగతి ఇంకా అన్యాయం. సింగూరులో రిజిస్టరైన బర్గాదారులకు భూమి ధరలో నాలుగో వంతు ఇస్తామన్నారు. పేరు నమోదు కాని కౌలుదారుకూ, కూలికీ ఆ లెక్కలో చోటు లేదు. 2013 చట్టం వాళ్ళను బాధిత కుటుంబాలుగా గుర్తించింది. కానీ నోటిమాట కౌలు ఎక్కువగా ఉన్న మన ఆంధ్ర, తెలంగాణల్లో మూడేళ్ళుగా నేనే సాగు చేస్తున్నానని కౌలురైతు ఏ కాగితంతో రుజువు చేసుకుంటాడు?

2016 ఆగస్టు 31న సుప్రీం కోర్టు సింగూరు సేకరణను రద్దు చేసి, భూమిని తిరిగి ఇవ్వమన్నది. ప్రజా ప్రయోజనం ఉందా లేదా అన్నదానిపై ఇద్దరు న్యాయమూర్తులూ ఏకీభవించలేదు. రైతుల అభ్యంతరాలను సరిగా విచారించలేదన్న దగ్గర మాత్రం ఇద్దరిదీ ఒకే మాట. వినవలసిన సమయంలో వినకపోవడం వల్ల పదేళ్ళు పోయాయి. రైతుకు పంట పోయింది, రాష్ట్రానికి ఫ్యాక్టరీ పోయింది. 2023లో టాటా మోటార్స్‌కు 765.78 కోట్ల రూపాయలు, దాని మీద వడ్డీ చెల్లించాలని ఆర్బిట్రేషన్ ట్రైబ్యునల్ తీర్పు ఇచ్చింది. ముందే ప్రతి పొలం దగ్గరికీ వెళ్ళి చూసి ఉంటే అయ్యే ఖర్చు ఇందులో ఎన్నో వంతు?

పరిశ్రమలు వద్దని నేను అనడం లేదు. ధర కట్టే ముందు పొలంలో దిగి, ఊరందరి ఎదుట, ఏ పంటలు పండుతున్నాయో, సాగు చేస్తున్నది ఎవరో రాసుకోవాలి. ఆ జాబితాను పంచాయతీ ఆఫీసు గోడకు అంటించి, అభ్యంతరాలు విని, దిద్దిన తర్వాతే అంకె వేయాలి. ధర కట్టేది భూమి తీసుకునేవాడు కాకూడదు. వ్యవసాయం తప్ప మరో పని తెలియనివాడికి డబ్బుకు బదులు భూమి కోరుకునే అవకాశం ఉండాలి. ఇదేమీ విప్లవం కాదు. కళ్ళతో చూసి, సరిచూసుకుని ఒప్పుకోవడమే. గ్రంథం విషయంలో మనం పట్టుబట్టేది అదే కదా, రికార్డు విషయంలో ఎందుకు వదిలేయాలి?