చిన్న రసం కాస్తా చిన్న చారు!

నూజివీడు మామిడి మీద రాసిన ఓ పేరాను పదాలు మార్చే టూల్‌లో వేశారనుకోండి. రసానికి పర్యాయపదం చారు. ఇంకేముంది, చిన్న రసం చిన్న చారైపోతుంది! తోతాపురిని మనం కలెక్టర్ కాయ అంటాం కదా, అది జిల్లా పాలనాధికారి కాయ. గుజ్జు ఫ్యాక్టరీకి లారీల్లో పాలనాధికారులు!

నవ్వకండి, సైన్స్ పేపర్లలో ఇదే జరిగింది. గియోమ్ కబానాక్, సిరిల్ లబ్బే, అలెగ్జాండర్ మగజినోవ్ అనే పరిశోధకులు 2021లో బయటపెట్టారు. ఆర్టిఫిషియల్ ఇంటెలిజెన్స్‌కి బదులు 'కౌంటర్‌ఫీట్ కాన్షస్‌నెస్', అంటే దొంగ స్పృహ. బ్రెస్ట్ క్యాన్సర్ ఏమో 'బూజమ్ పెరిల్', రొమ్ము గండం అన్నమాట. వీటికి వాళ్లు పెట్టిన పేరు 'టార్చర్డ్ ఫ్రేజెస్'. మాటల్ని నిజంగానే చిత్రహింస పెట్టారు మరి. క్యాన్సర్ గురించి అలా రాసినదాన్ని నమ్మి ఎవరైనా తర్వాతి పరిశోధన మొదలెడితే?

కాపీ చెకర్ వరుసగా కలిసే పదాల కోసం చూస్తుంది. పదం మారితే దాన్ని దాటేయొచ్చు. కానీ ఆ వింత మాట కోసం సెర్చ్ చేస్తే చాలు, పేపర్ దొరికిపోతుంది.

ఫైనలియర్ ప్రాజెక్ట్ రిపోర్ట్‌ని ఇలాగే తిప్పేద్దామనుకునే తమ్ముళ్లూ, చెల్లెళ్లూ! వైవాలో "ఈ దొంగ స్పృహ ఏంటమ్మా?" అని అడిగితే టూల్ వచ్చి జవాబు చెప్పదు. పేపర్ చదవండి, మూసేయండి, అర్థమైంది రాయండి. ఎక్కడ చదివారో కింద పెట్టండి. టెక్నికల్ పదాన్ని మాత్రం ముట్టుకోకండి.