ఆడకుండానే దాచిన జెర్సీ

అమెరికన్‌ ఫుట్‌బాల్‌లో బంతిని చంకన పెట్టుకుని, మీదపడేవాళ్లను తప్పించుకుంటూ దూసుకెళ్లే ఆటగాడిని రన్నింగ్‌ బ్యాక్‌ అంటారు. కూతకెళ్లిన కబడ్డీ ఆటగాడికున్నంత తెగువ కావాలి. సిరాక్యూస్‌ యూనివర్సిటీ విద్యార్థి ఎర్నీ డేవిస్‌కి అది పుష్కలం.

1960 జనవరి 1న డల్లాస్‌లో సిరాక్యూస్‌ 23-14తో టెక్సాస్‌ను ఓడించింది. ఆ మ్యాచ్‌లో మేటి ఆటగాడి అవార్డు ఎర్నీదే. మరుసటి ఏడాది, 1961లో, కాలేజీ ఫుట్‌బాల్‌లో అత్యున్నతమైన హీస్‌మన్‌ ట్రోఫీ గెలిచాడు. ఆ గౌరవం దక్కిన తొలి నల్లజాతీయుడు అతనే!

ప్రొఫెషనల్‌ జట్లు పోటీపడ్డాయి. చివరికి క్లీవ్‌లాండ్‌ బ్రౌన్స్‌కు దక్కాడు. ఇక మైదానంలోకి దిగడమే తరువాయి అనుకుంటుండగా, 1962 వేసవిలో బ్లడ్‌ క్యాన్సర్‌ బయటపడింది. 1963 మే 18న కన్నుమూశాడు. అప్పటికి ఎర్నీ వయసు 23 ఏళ్లే. ప్రొఫెషనల్‌గా ఒక్క మ్యాచ్‌ కూడా ఆడలేదు.

అయినా బ్రౌన్స్‌ అతని 45వ నంబరు జెర్సీని ఇంకెవరికీ ఇవ్వకుండా దాచేసింది. ఎన్ని మ్యాచ్‌లు ఆడాడన్నది ఒక లెక్క. ఎవరికి దారి చూపాడన్నది మరో లెక్క. ఆ రెండో లెక్కలో ఎర్నీకి తక్కువేమీ లేదు. 1965లో అదే ట్రోఫీని మరో నల్లజాతి రన్నింగ్‌ బ్యాక్‌ మైక్‌ గారెట్‌ అందుకున్నాడు.