పెట్టె ఎవరిది?

మెక్సికో సిటీ వీధుల్లో పిడి తిప్పి సంగీతపు పెట్టె వాయించే ఒర్గానియేరోల పాట అపస్వరంగా ఉందని, చెవులు చిల్లులు పడుతున్నాయని, ఈ కాలం జనానికి అది పట్టదని తీర్పులిచ్చేవాళ్లంటే నాకు ఒళ్లు మండుతుంది. అపస్వరం నిజమే. ఎందుకొచ్చిందో అడిగారా ఎప్పుడైనా?

ఆ పెట్టె లోపలికి చూడండి. చెక్క సిలిండర్ నిండా సన్నటి లోహపు మేకులు. పిడి తిప్పితే తిత్తి గాలి కొడుతుంది, సిలిండర్ కదులుతుంది, మేకు వచ్చి మీటను లేపుతుంది, గాలి గొట్టంలోకి దూరి స్వరమవుతుంది. సిలిండర్‌ను కాస్త పక్కకు జరిపితే మరో పాట. మొత్తం పట్టేది సుమారు 8 పాటలు. 19వ శతాబ్దం చివర, పోర్ఫిరియో దియాస్ ఏలుబడిలో జర్మనీ నుంచి దిగిన సరుకిది. వందేళ్లు వీధిలో ఎండకూ వానకూ తిరిగితే తోలు చిట్లదా? మేకు వంగదా?

బాగు చేయించడానికి డబ్బేదీ? ఖాకీ బట్టల్లో ఒకరు పిడి తిప్పుతుంటే మరొకరు టోపీ చాచి జనంలో తిరుగుతారు. (ఆ ఖాకీ మెక్సికో విప్లవ నాయకుడు పాంచో వీయా సైనికుల గుర్తుగా వేసుకుంటారట. బిచ్చగాడి వేషం కాదది!) వీళ్లలో చాలామందికి ఆ పెట్టె సొంతం కాదు. టోపీలో పడ్డ చిల్లరలో ముందు తీసి పెట్టాల్సింది దాని అద్దె. వాన పడి వీధి ఖాళీ అయిన రోజు ఇంటికేం పట్టుకెళ్తారు? ఆడవాళ్లు కూడా ఆ పెట్టె బరువు భుజాన మోస్తున్నారు.

దీనికి మందుగా వారసత్వ సభలు పెడతామంటారు. వీడియో తీసి దాస్తామంటారు. అద్దాల బీరువాలో పెట్టె మోగదు. స్పీకరూ సాటిరాదు. ఎదుట ఓ ముసలామె ఆగి వింటే స్పీకర్ పాట నెమ్మదించదు, పిడి పట్టిన చెయ్యి నెమ్మదించగలదు.

కట్టే అద్దె వాయిదాల కింద జమై పెట్టె తిప్పేవాళ్ల సొంతం కావాలి. మేకులు కొట్టే పని, శ్రుతి చేసే పని కుర్రకారుకు జీతమిచ్చి నేర్పాలి. కొత్త సిలిండర్ల మీద ‘సియెలీతో లిందో’ లాంటి పాత పాట పక్కనే ఈ తరం పాట ఎక్కాలి. సంప్రదాయం చెడుతుందా? జర్మన్ పెట్టెలో మెక్సికో పాట మోగించడం కూడా ఒకనాడు కొత్తే కదా!

ఇక ఫోన్‌లో బొమ్మ తీసుకుని, టోపీ కనబడగానే మొహం తిప్పుకునే పెద్దమనుషులారా, బెయ్యాస్ ఆర్తెస్ కళాభవనం లోపల సంగీతానికి టికెట్ కొంటారు. అదే భవనం బయట విన్నదానికి ఒక్క నాణెం బరువైపోయిందా? అది దానం కాదు, కూలి.

నగరాన్ని ఏలేవాళ్లూ, పండగకో ప్రదర్శన ఏర్పాటు చేసి చేతులు దులుపుకోకండి. ముందు ఆ అద్దె సంగతి తేల్చండి.